పదకొండో ఊరి ప్రింటు

తెరమీద మూడు సెకన్లుంటుండె పేరు.
కూర్పు: జి. ఈరేశం.
గద్వాల నేల టికెట్టుల గా మూడు సెకన్లకు
హీరోకు లేనన్ని ఈలలు.
కూర్పంటే ఏందో ఒక్కనికీ ఎరుక లేదు.
మనోడు అన్నదొక్కటే ఎరుక.

వాళ్ల నాయిన కుప్పడం చీర నేసేటోడు,
నూలు ఒడలుకు పట్టు కొంగు.
ఒక్కొక్క పోగును బూడిదద్దిన బొటనేలుతోని
మెలేసి మెలేసి కలిపి,
కండ్లు మూసుకోని దాని మీద చెయ్యి రాసి చూసేటోడు.
అతుకు చేతికి తగిలితే షావుకారు కూలి కోస్తడు.
మగ్గం గుంత పక్కన, కండెలు చుట్టుకుంట,
నా దోస్తు గా చదువే చదివిండు.

నేను టాకీసుల కార్బన్ కడ్డీలు కాల్చుకుంట
బొమ్మ తిప్పుడు నేర్చిన.
ఆయన మద్రాసు పోయి మొదలు మూడేండ్లు
కోసి పారేసిన ముక్కలు ఊడ్చిండట.
కార్డు రాసిండు:
"ఈడ చెత్త కుప్పల రాజులు, దేవకన్యలు,
సగం ఏనుగు. ఊడుస్తున్న."

తర్వాత కత్తెర చేతికొచ్చింది.
పురాణాలు కోసిండు, సాంఘికాలు కోసిండు,
ఇంకొకని పేరు మీద ఎన్ని కోసిండో
గది ఆయన నోట రాలే.
బొమ్మ తిప్పుకుంట నేనే పట్టుకునేటోణ్ణి:
తలుపు తెరుచుకునే కంటె ముందే తలుపు సప్పుడు వస్తె
అది మావోడే.

కత్తి పట్టరాని హీరోను ఎట్ల గెలిపిచ్చినవని అడిగితే
"కత్తి దిగకముందే కోసిన.
మిగిలింది చూసేటోని కన్నే పొడుస్తది" అన్నడు.
నవ్వుల సినిమాలకు మాత్రం
గద్వాలను యాది చేసుకునేటోడట:
"మనోళ్లు నవ్వుడు మొదలువెడితె తొందరగ ఆపరు.
ఆపేదాక ఒక ఖాళీ కుర్చీని చూపిస్త,
ఎనుకొచ్చే మాట మునిగిపోదు."
ఏడుపు సీన్లు ఎట్ల కోసేది ఎన్నడూ జెప్పలే.
వాళ్ల నాయిన పోయిన యేడు వచ్చిన సినిమాల
ముసలాయన లేచిపోయినంక ఉత్త మంచం కనవడుతది,
ఎంతసేపంటే
రీలు ఇరుక్కున్నదేమో అని నేను లేచి చూసిన.

ఒక ఎండకాలం వచ్చిండు, చెప్పకుంట.
బీడీ కిందనే ఆర్పి, క్యాబిన్ మెట్లెక్కి
కిటికీ సందుల కన్ను పెట్టిండు.
నా గుండె దడదడ.

ఎందుకంటే గా ప్రింటు
కర్నూలు, ఆదోని, రాయచూరు, నారాయణపేట,
పది ఊర్లు తిరిగి మాకొచ్చింది.
తెగినకాడల్ల ఎవనికి తోచినట్టు వాడు కోసి అతికిండు.
మొదటి రీలు మొదలుకాడ తెగుడు ఎక్కువ.
ఆయన పేరు లేదు.
ఏ ఊరి క్యాబిన్ల చెత్తల ఉన్నదో.

కింద జనం నోట్లె వేళ్లు పెట్టుకోని తయారుగుంటరు.
నేనేం జేసిన్నంటె,
పోయినేడాది సినిమా తునక ఒకటి
పొగాకు డబ్బాల దాచుకున్న,
గది తీసి, బ్లేడుతోని గీకి, సిమెంటు రాసి అతికిన.

తెరమీద వచ్చింది.
వేరే అక్షరాలు. ఎనుక వేరే కొండలు.
పేరు ముందు పడ్డది, రవ్వంత ఆగి
వీణ నడుమల ఒక డోలు దెబ్బ, మల్ల వీణ.
ఈలలు.

ఆయన కన్ను తియ్యలే.
"గా అక్షరాలు ఈ సినిమావి కావు."
"కావు."
"అతుకు కనవడుతుంది."
"బూడిద అద్దలే" అన్న.

నవ్విండో లేదో, చీకట్ల తెల్వలే.
ఆట అయినంక రీలు విప్పి
నా అతుకు మీద బొటనేలు పెట్టి, కండ్లు మూసుకోని,
ఇటు ఒకపారి, అటు ఒకపారి రాసిండు.
కత్తెర నా బల్ల మీదనే ఉన్నది.
ముట్టలే.

పొద్దుగాల వనపర్తి బస్సు మీద డబ్బాలెక్కినయి.
ఆడ ఆయనను ఎరిగినోడు లేడు.
ఆడ గా రాత్రి,
ఈలలు లేకుంట,
ఇంకో సినిమా కొండల ముందల
మూడు సెకన్లు.