ష కింద తోక

ఏటా జనవరిలో టైపు మిషన్‌ని
దుప్పట్లో చుట్టి ఒళ్ళో పెట్టుకుని
ట్రాములో ఠాణాకి వెళ్తుంది స్మరాండా.
యాష్ నగరంలో ప్రతి మిషనూ
తన వేలిముద్ర ఇచ్చుకోవాలి.

పోయినేడు కెప్టెన్ తలెత్తకుండానే అన్నాడు:
"ష కింద తోక విరిగింది. బాగుచేయించు."
గడియారాలవాడు అతికించాడు.
ఎందుకో ఆమె అడగలేదు.

ఈ ఏడు ఆ కుర్చీలో ఎవరో కుర్రాడు.
రిజిస్టరులో కెప్టెన్ పేరు మీద అడ్డగీత,
ఇంకా తడి.
"ఆయన సొరుగులో దొరికింది."
రొట్టెల క్యూ గురించి నాలుగు వాక్యాలు,
సంతకం లేదు,
తోకల్లేని ష-లు ఏడు.

"కొట్టు."
కొట్టింది.
తోక చక్కగా వేలాడింది, కొత్తదానిలా.

తిరుగు ట్రాములో మిషన్
పొద్దుటికంటే బరువెక్కింది.
పక్కావిడ దుప్పటి వైపు చూసి
"నిద్రపోయిందా?" అంది.
"ఆఁ, ఇప్పుడే."