ఉప్పు చల్లిన మంచు

జూలైలో, గవర్నమెంట్ క్యాంప్ ఊరి పైన,
తెల్లారకముందే కొండ మీద ఉప్పు చల్లుతారు.
మంచు గట్టిపడి సాయంత్రం దాకా నిలుస్తుందట.
మొదటి ఏడు నమ్మక, నాలిక కొసతో రుచి చూశాను.
నిజమే. ఊరగాయ జాడీ మూతలా ఉంది కొండ.

అప్పట్లో నా పని పార పట్టడం.
గట్టు అంచు చెక్కడం, నునుపు చేయడం,
ఎవరి పిల్లలో బోర్డులతో గాల్లోకి లేచి గిరికీలు కొడుతుంటే
కింద నిలబడి నోరు తెరవడం.
ఒకరోజు కెమెరా పట్టే హోలిస్‌కి జ్వరం.
"నీకూ బోర్డు మీద నిలబడటం వచ్చుగా" అని
నా చేతుల్లో పెట్టారు, పసిగుడ్డును పెట్టినట్టు.
పద్దెనిమిదేళ్ళు. ఇంకా దించలేదు.

బ్యాంకులో అప్పు అడిగినప్పుడు నా పని ఇలా చెప్పాను:
ఒక మనిషి కొండ దిగుతూంటుంది.
ఆ మనిషి వెనక, రెండు బారల దూరంలో, నేను.
ఆమె దారిని చూస్తుంది. నేను ఆమెను చూస్తాను.
నా దారిని నా మోకాళ్ళు చూసుకుంటాయి.
అప్పు ఇవ్వలేదు.

ఒక్క గట్టు కోసం మూడు రోజులు తవ్వుతాం.
నాలుగో రోజు మబ్బు. ఐదో రోజు గాలి.
ఆరో రోజు ఎండ కాస్తే కెమెరా బిగుసుకుపోతుంది.
బ్యాటరీలు చంకలో పెట్టుకుని పడుకుంటాను, పొదుగుతున్నట్టు.
ఓసారి తడిసిన కెమెరాను బియ్యం డబ్బాలో పాతి
మర్నాడు ఆ బియ్యమే వండుకు తిన్నాం.
ఇంతా చేస్తే
తెర మీద పదకొండు సెకన్లు.

డేలా ఓస్ట్రాండర్ పడిన రోజు వెలుతురు చాలా బాగుంది.
అదే ముందు చెబుతున్నాను,
ఎందుకంటే నాకు ముందు తోచింది అదే.
అంచు దాటేసరికి ఆమె భుజం వేలెడు ముందుకు వాలింది.
వేలెడే.
గాల్లో ఆకాశం కోసం వెతుక్కుంది, దొరకలేదు.
నేల దొరికింది.
నేను ఆగాను. కెమెరా ఆగలేదు.
కాదు, సరిగ్గా చెప్పనీ: నేను ఆపలేదు.
నాలుగు సెకన్లు.

సినిమాలో అవి లేవు.
పోర్ట్‌లాండ్‌లో ఓ బీరు దుకాణం గోడ మీద వేశారు,
కుర్చీలు చాలక జనం ఐసు పెట్టెల మీద కూర్చున్నారు.
చెయ్యి మెడకు వేలాడేసుకుని డేలా
తన గిరికీలకు తనే ఈల వేసుకుంది.
నేను వెనక గోడకు ఆనుకుని
పాట కింద పూడ్చేసిన నా ఊపిరి కోసం చెవులు రిక్కించాను.
ప్రతి షాటులోనూ ఉంటుందది, రొప్పుతూ, తిట్టుకుంటూ.
ఎడిటింగులో ముందు చచ్చేది అదే.

ఈ వేసవి ఆరంభంలో ఫోన్ చేసింది.
ఇప్పుడు బెండ్‌లో ప్లంబింగ్ పని, ఏడేళ్ళ కూతురు.
"నేను పడిన ముక్క ఉందా?"
"ఉంది."
"శబ్దంతోనా?"
"శబ్దంతోనే."
చెప్పుల పెట్టెలోంచి డ్రైవు తీసి పంపాను,
నేను చూడకుండానే.

రెండు రోజులకు మళ్ళీ మోగింది.
"ఆ నాలుగు సెకన్లూ నాకు ఊపిరి ఆడలేదు, గుర్తుందా?
ఇందులో మాత్రం ఎవరో రొప్పుతున్నారు.
అమ్మ ఎంత గట్టిగా ఊపిరి తీస్తోందో అంది పిల్ల.
నేను దిద్దలేదు."
నేనేమీ అనలేదు.
"జూలైలో తీసుకొస్తా. వెనకాల నువ్వే రావాలి.
రెండు బారలు వద్దు, బారెడు చాలు."

మోకాలికి పట్టీ కొన్నాను.
తెల్లవారుజామున ఉప్పు బస్తాలు పైకి వెళ్తున్నాయి.
బ్యాటరీలు చార్జింగులో ఉన్నాయి.