ఎనభయ్యో గది

తెల్లారి ఐదింటికి
చార్‌కమాన్ వెనక సందులో చీపురు చప్పుడు.
మున్సిపాలిటీ చీపురు కాదు,
దానికి తొందరుంటుంది.
ఇది నిద్రపోయే పిల్లాడి తల నిమిరినట్టు
మెల్లగా, బుజ్జగింపుగా.

ఎల్లుబాయి దుమ్ము ఊడుస్తోంది.
కంసాలి దుకాణాల గడపల కింద,
మెట్ల పగుళ్లలో, మోరీ నోట్లో.
ఆకురాయి కొరికి రాల్చిన పొడి,
పనివాడి చెప్పుకంటి వచ్చిన రవ్వ.
"ఏదీ పారెయ్య సారూ,
ఎంట్రుకకు సుత బంగారం అంటుకుంటది."

నేను సారును కాను.
జూనియర్ కాలేజీ కెమిస్ట్రీ ల్యాబులో
ముప్పై ఒక్క ఏళ్లు అటెండరును.
బ్యూరెట్లు కడిగాను,
కుళ్లిన గుడ్ల వాసన ఇంటికి మోసుకెళ్లి
గుమ్మం బయటే చొక్కా విప్పాను.
మూలకాలు నాకు పుస్తకాల్లోంచి కాదు,
మరకల్లోంచి తెలుసు.
రాగి నీలం. క్రోమియం పసుపు. మాంగనీసు ఊదా.
వెండి నైట్రేటు చుక్క వేలి మీద పడితే
ముందు ఏమీ కనపడదు.
ఎండలోకి వెళ్లాక నల్లబడుతుంది,
ఆలస్యంగా తెలిసిన అవమానంలాగా.

ల్యాబు గోడ మీది పటంలో
డెబ్భై తొమ్మిదో గడిని
ఎవడో బ్లేడుతో కోసుకుపోయాడు.
బంగారం కదా.
పక్కనే ఎనభై, పాదరసం.
దాన్నెవరూ ముట్టుకోలేదు.
ఒక్క ప్రోటాను తేడా.
ఒకే వరసలో అద్దెకున్న రెండు గదులు.

ఆ రెండిటినీ ఆమె డాబా మీద కలిపి చూశాను.
ఏడు నీళ్లు కడిగిన దుమ్ములో
పాదరసం బొట్టు వేసి అరచేత్తో పిసుకుతుంది.
అది ఇసుకను వదిలేస్తుంది, ఇనుమును వదిలేస్తుంది,
బంగారాన్ని మాత్రం వెతికి వెతికి కావలించుకుంటుంది.
ఆ ముద్దను పాత గుడ్డలో పిండి
ఇనప గరిటెలో బొగ్గుల మీద పెడితే
ఒకరు కనపడకుండా లేచిపోతారు,
ఒకరు మిగులుతారు, ఆవగింజంత.
"పారా పాయె" అంటుంది ఎల్లుబాయి.
పోలేదు.
చాయ్ సాసర్ ఎత్తినప్పుడల్లా
ఆమె వేళ్లలో గలగలమంటోంది.

ఒకరోజు చెప్పాను:
ఇది కోలారులో పుట్టలేదు ఎల్లుబాయీ,
అసలు భూమ్మీదే పుట్టలేదు.
చచ్చిపోయిన రెండు చుక్కలు
ఎక్కడో ఒకదాన్నొకటి గుద్దుకుంటే
ఎగిరిన పొడి.
ఆమె జల్లెడ ఆపి పైకి చూసింది.
పైన కరెంటు తీగలు, తెగిన పతంగి తోక.
"గంత దూరం నుంచి వచ్చి
మోరీలనే పడ్డదా" అని నవ్వి
మళ్లీ జల్లెడ పట్టింది.

రిటైరైన రోజు నాకు శాలువా కప్పారు,
స్టీలు టిఫిన్ డబ్బా ఇచ్చారు.
నేను అడిగింది స్టోర్‌రూములో తుప్పు పడుతున్న
వంకర మెడ ఇనప రిటార్టు.
ప్రిన్సిపాల్ ఖుతుబుద్దీన్ గారు
పనికిరాని సామాన్ల రిజిస్టర్లో సంతకం పెడుతూ
"దేనికయ్యా?" అన్నారు.
"పొరుగింటావిడ గురించి" అన్నాను.
ఎవరి పొరుగో చెప్పలేదు.

ఆటోలో ఒళ్లో పెట్టుకుని నయాపూల్ దాటాను.
కింద మూసీ,
అందరం తలో చుక్కా వదిలి
ఎవరమూ రీడింగు రాసుకోని టైట్రేషను.

మూత బిగించి, మెడకు తడిగుడ్డ చుట్టి,
కింద నీళ్ల బకెట్ పెట్టాను.
బొగ్గులు రాజుకున్నాయి.
చాలాసేపు ఏమీ లేదు.
పక్క డాబా మీది పావురాలకు కూడా విసుగొచ్చింది.
అప్పుడు నీళ్లలోకి టప్పున ఒక పూస.
ఇంకొకటి.
బకెట్ అడుగున తెల్లగా దొర్లుతూ
ఒకదాన్నొకటి వెతుక్కుంటున్నాయి.

ఎల్లుబాయి వంగి చూసింది.
"ఓ, నువ్వా!" అంది,
ఇన్నేళ్లూ చెప్పకుండా ఇల్లు దాటిన మనిషితో అన్నట్టు.
తర్వాత లెక్క కట్టింది,
నెలకు ఎంత పారా మిగులుతుందో, ఎన్ని రూపాయలో.
ఊపిరి గురించి నేను దాచుకున్న ఉపన్యాసం
నోట్లోనే ఉండిపోయింది.

చాయ్ తెచ్చింది.
సాసర్ ఇంకా గలగలమంటూనే ఉంది.
రెండు చేతులతో అందుకున్నాను.