నిలబడి తిరిగిన గంటలు

కారుతో పాటు ఒక లావు పుస్తకం ఇచ్చినారు.
పదిహేను వేల కిలోమీటర్లకో, ఏడాదికో,
ఏది ముందొస్తే అప్పుడు నూనె మార్చాలని ఉండాదంట.
చదివింది నేను కాదు, సారు కూతురు.
"అట్లయితే ఇంకా ఆరువేలుండాది, పో" అన్నాడు సారు.
నేను పోలేదు. ఇంజను గొణుగుడు మారింది.
పక్కన పడుకున్న మనిషి ఊపిరి మారినట్టు,
చెప్పమంటే చెప్పలేను.

తాడిపత్రి రోడ్డులో మౌలాలన్న షెడ్డు.
నాపరాళ్ళ లారీ పోయిన ప్రతిసారీ గడప తెల్లబడతాది,
ఊడుస్తారు, ఇంకో లారీ.
ఎయిర్ ఫిల్టరు తీసి నేలకు రెండు తట్లు తట్టి
"ఇది గాలి పీల్చిందా, సున్నం తినిందా?" అన్నాడు.

ఇంత రేటు పెట్టిన కారుకు
నూనె చూసుకునే కడ్డీ లేదు.
తెర మీద పచ్చ గీత: అంతా బాగుందంటుంది.
మౌలాలన్న గీతను నమ్మే మనిషి కాదు.
కింద దూరి బోల్టు వదులు చేసి
వేలి కొసన ఒక చుక్క పట్టుకొచ్చి
బిల్లు పుస్తకం కాగితం మీద పెట్టినాడు.
మేం టీ తాగొచ్చేలోపల చుక్క పరుచుకుంది.
నడుమ బొగ్గు,
చుట్టూ బూడిద,
అంచున డికాషను రంగు.
"నల్లబడితే చెడిందని కాదప్పా,
మురికంతా తన మీదేసుకుందని.
ఇంగ ఏసుకోలేనంటాండాది, అంతే."

తొమ్మిదివేలకేనా అన్నా.
"తిరిగింది తొమ్మిదివేలు. నిలబెట్టి తిప్పింది ఎంత?"

కలెక్టరాఫీసు ముందర. కోర్టు కాంపౌండులో.
కల్యాణమండపం ఎనక వీధిలో, భోజనాలయ్యేదాకా.
నలభై నాలుగు డిగ్రీల ఎండలో
ఆయన ఎక్కేసరికి సీటు చల్లగా ఉండాల.
రెండు గంటలు, ఒక్కోసారి మూడున్నర.
మీటర్లో ఒక్క అంకె కదల్లేదు.
చక్రాలు నిద్రపోయినాయి, లోపలంతా మేలుకునే ఉండాది.
ఆ గంటలకు పుస్తకంలో గడి లేదు.
నా జీతంలోనూ లేదు,
ఆ మాట ఆయనతో అనలేదు.

మూడు డబ్బాలు వరసన పెట్టినాడు.
"ఈ డబ్ల్యూ అంటే చలికాలమంట.
మనకు చలి ఏముండాది, ధనుర్మాసంలో నాలుగు తెల్లవారుజాములు.
ముందరి అంకె వాళ్ళ మంచుకు,
ఎనకాల అంకె మన మే నెలకు.
ఇరవై పలచన, మన ఎండకు నీళ్ళయితాది.
నలభై తీసుకో, నీ పుస్తకంలోనూ వేడి ఊర్లకు అదే రాసింటారు.
అంకె ఒక్కటే చూసి మోసపోవాకు, డబ్బా తిప్పు.
చిన్నక్షరాల్లో కంపెనీవాడు ఒప్పుకున్న నంబరుండాల.
పొగగొట్టంలో జల్లెడుండాది దీనికి,
బూడిద తక్కువ నూనె కాకుంటే అది ఊపిరాడక చస్తాది."

క్లాక్ టవర్ దగ్గర ఒకాయన ఇదే డబ్బా, ఇదే సీలు,
సగం రేటుకిస్తానన్నాడు.
నాకు నాలుగొందలు మిగులుతాయన్నాడు.
వినింటి. అబద్ధమెందుకు, రెండు దినాలు వినింటి.

ఏడు లీటర్లు తేనె మాదిరి దిగినాయి.
ఫక్రు ఖాళీ డబ్బాలు ఏరి మూలన పెట్టబోతే
మౌలాలన్న స్క్రూడ్రైవరు తీసి
ఒక్కోదాని కడుపులో ఒక్కో పోటు.
"బొక్క లేకుంటే పాతసామాన్లోడు నలభై రూపాయలిస్తాడు కదన్నా" అన్నాడు ఫక్రు.
"అందుకేరా."
నేను చెప్పు లేసు కట్టుకున్నట్టు వంగి
చానాసేపు లేవలేదు.

అద్దం మూలన చీటీ అంటించినారు:
మళ్ళా ఏడున్నర వేలకు.

మర్నాడు కోర్టులో వాయిదా పడిన కేసు, పొడుగైన మధ్యాహ్నం.
చెయ్యి తనంతట తానే ఏసీ మీదకు పోయింది.
వెనక్కి తీసుకున్నా.
తాళం తిప్పి ఆపేసి, తలుపులు నాలుగూ తెరిచి
గోడ నీడలో కూచున్నా.
ఇంజను చల్లారుతా టిక్కు టిక్కుమంటాంటే
ఎవరో వేళ్ళు విరుచుకుంటాన్నట్టుంది.

సారు వచ్చి కూచున్నాడు, ఎగిరి పడినాడు.
"ఏమి ఓబులేసూ, సీటు కాలుతాండాదే?"

"ఔను సార్" అన్నా.