నాగా దినం

లెక్కల నోట్‌బుక్ ఎనక పేజీలల్ల
ఒక దేశం మొదలైంది.
మా స్పందన దానికి లోనేల అని పేరు పెట్టింది.
అక్కడ పొద్దు లేదు, నెలవంక లేదు,
ఆకాశం చేతికి అందుతది,
వంగి నడవకపోతే తలకు తాకుతది.

"పొద్దే లేకుంటె దినాలెట్ల లెక్కవెడ్తరే?" అన్న.
నైట్ షిఫ్ట్ చేసొచ్చి పళ్లెం ముందర కూసున్న.
పెన్సిల్ నోట్లె పెట్టుకొని శానసేపు చూసింది,
నా కండ్ల అంచులకు,
ఎంత కడిగినా పోని బొగ్గు దిక్కు.

తెల్లారి నేనొచ్చేసరికి క్యాలెండర్ తయారు.

లోనేలల వారానికి మూడే దినాలు:
నాయిన నిద్రపోయే దినం,
నాయిన అన్నం తినే దినం,
నాయిన కానరాని దినం.
నెలకు ఇన్ని రోజులని లేదు,
నెత్తి మీది దీపం బ్యాటరీ దిగితే నెల ఒడిసినట్టు.
నీ వయసెంత అంటే
ఎన్నిసార్లు పైకెక్కొచ్చినవో అంత.
"నీకెంత నాయినా?"
ఐదువేల చిల్లర ఉంటదన్న.
"అయితే అక్కడ నువ్వే అందరికన్న ముసలోనివి,
రాజువైతవు."

నెలల పేర్లు గోడకు ఒరిగి చదివింది.
ఊటనీళ్ల నెల. దుమ్ము నెల. గుసగుసల నెల.
అదేంది బిడ్డా?
"కప్పు కింద దిమ్మెలు మాట్లాడుకుంటయని నువ్వే అన్నవ్ గదా."
ఆ తర్వాత ఎలుకల నెల,
ఎలుకలు ఎటు ఉరికితే మనుషులు అటే ఉరకాలె.
ఇవన్నీ ఎన్నడు చెప్పిన్నో నేను.
నిద్రల మాట్లాడుతనేమో.

మా భూలక్ష్మి క్యాలెండర్ వేరే,
కంపెనీ ఇచ్చింది, తలుపెనక వేలాడుతది.
ఎర్రగీత పాలకు, నల్లచుక్క నా మస్టరుకు,
ఇరవైన చిట్టీ, గ్యాస్ బండ దించిన తారీఖు.
ఆదివారం మీద సున్న చుడ్తది,
ప్లేడే దొరికితే డబుల్ జీతమని.
"ఇండ్ల లేని నెలలు నీకేడ దొరికినయే" అని నవ్వి
నోట్‌బుక్ గుంజుకున్నది.
చదువుకుంట చదువుకుంట
చాయ పొంగినా చూడలే.

ఏడాది చివర్ల ఒక గడి గీసింది నా బిడ్డ.
అంకె లేదు, రంగు లేదు.
కింద రాసింది: నాగా.
ఆ దినం కాలమే డ్యూటీకి పోదట.
ఎవ్వలికీ వయసు పెరగదు,
వడ్డీ పెరగదు, గోరు సుత పెరగదు.
కూత వెయ్యబోతే సైరన్‌కు గొంతు రాదు.
కప్పు ఎక్కడున్నది అక్కడ్నే నిలవడి
పడేది మర్చిపోతది.

నవ్వుకుంట తింటున్నోన్ని,
ముద్ద ఆగింది.

రాజలింగు నా జోడి పనోడు.
బామ్మర్ది పెండ్లి అని ఆ దినం నేను నాగా పెట్టిన.
రాజలింగు పెట్టలే.

"ఈ గడి జరపొస్తదా బిడ్డా," అడిగిన,
"ఎటన్నా పెట్టుకోవచ్చునా?"
"పెట్టుకోవచ్చు. ముందుకే కానీ.
ఎనక్కి జరగదు, లోనేల రూలు."
రబ్బరు చేతులనే ఉన్నది.
రూలు మాత్రం చెరపలే.

"అయితే వచ్చే ఒకటో తారీఖు మీద పెట్టు."
"ఎందుకు?"
"రాజలింగు కొడుకు అరవింద్‌కు ఆర్డరొచ్చింది, తండ్రి నౌకరి.
ఆ దినమే మొదటిసారి బాయిల దిగుడు."

ఇగ ఏమడగలే.
కత్తెర తెచ్చి ఆ గడిని కోసింది,
ఎనక అన్నంమెతుకు రాసి
వాళ్లమ్మ క్యాలెండర్ మీద,
ఒకటో తారీఖు కానరాకుండ అతికించింది,
కొంచెం వంకరగ.
వేలితోని ఒత్తుకుంట,
నా దిక్కు చూడకుంట అన్నది:

"నాయినా,
మరి రెండో తారీఖు?"