నెగటివ్ కంట్రోల్

కాశీబుగ్గ బస్టాండు వెనక, మెట్ల కింద మా ల్యాబు.
ఎవరు చెయ్యి చాపినా ముందు జీడి వాసనే తగులుతుంది.

మడ్డు దమయంతి, నలభై రెండు.
పప్పు మీద పొట్టు తీసే పని, కిలోకింత.
వేళ్ల చివర్లు నల్లబారి, ముద్రలు అరిగిపోయి,
రేషను మిషను ఆమెను గుర్తుపట్టడం మానేసి ఏడాదయింది.
"పొద్దుటేల గుప్పిడి ముడసలేకపోతన్నాను బాబూ.
కుళాయి తిప్పడానికి సిన్నదాన్ని లేపుతన్నాను.
ఎండెక్కితే కూసింత ఒదులవుతాది."
కణుపులు చూశాను,
తడిమట్టిలోంచి తవ్విన అల్లం కొమ్ములు.

చీటీ మీద డాక్టరు గారి గీత: ఆర్.ఏ. ఫ్యాక్టర్.

గడ్డి రంగు సీరం ఒక చుక్క,
పక్కన పాలలాంటి లేటెక్సు ఒక చుక్క.
పుల్లతో కలిపి, నల్ల స్లైడుని
చేటలో నూకలు చెరిగినట్టు నెమ్మదిగా ఊపాలి,
రెండు నిమిషాలు.
ఎక్కువసేపుంచితే ఆరిపోయి
అబద్ధం చెబుతుంది.

ఆ పాలు విరిగితే పాజిటివ్.
బయటనుంచి వచ్చినదాన్ని పట్టుకోవడానికి
ఒంట్లో ఒక కావలి ఉంటుంది కదా,
ఆ కావలినే పట్టుకోవడానికి మరో కావలి పుడితే
అదీ ఈ ఫ్యాక్టరు.
కంచె చేను మేసిందంటారు గానీ
ఇది కంచె చుట్టూ మొలిచిన కంచె.
డిప్లొమాలో ఇదంతా బట్టీపట్టి పాసయ్యాను.
అర్థమయింది మాత్రం ఒక శనివారం.

ఆ శనివారం కిట్టులో కంట్రోలు సీసా ఒలికిపోయింది.
బెంచీ మీద ముగ్గురు.
నెగటివ్ అంటే ఎలా ఉండాలో పక్కన పెట్టి చూసుకోవడానికి
ఏ నొప్పీ లేనివాడి చుక్క కావాలి.
వేరేవాళ్లెందుకని నా చేతినే సూదికిచ్చాను.
ఊపాను.
సున్నపు గోడ పెచ్చులు లేచినట్టు
నా చుక్క విరిగింది.
కొత్త స్లైడు. విరిగింది.
పదహారు వంతులు పలచన చేశాను.
అప్పుడూ.

తొమ్మిదేళ్లయింది. షటిల్ ఆడతాను,
ఇచ్ఛాపురం దాకా ఆగకుండా బండి తోలతాను.
అయినా రోజూ కళ్లు తెరవకముందే
దుప్పటి కింద గుప్పిళ్లు మూసి తెరిచి చూసుకుంటాను.
మా సుగుణకి కూడా చెప్పలేదు.

దమయంతి చుక్క
ఎంత ఊపినా పాలు పాలుగానే ఉంది.

"ఏటి రాసినారు? రోగం నేదనా?
మరీ నొప్పి నాను ఎక్కడ్నించి తెచ్చుకున్నాను?"
ఆమె చూపు నా మీద లేదు,
కడగడానికి పెట్టిన స్లైడు మీద ఉంది.
విరిగిన నా చుక్క సాయంత్రం షటిల్‌కి వెళ్తుంది.
విరగని ఆమె చుక్క కుళాయి తిప్పలేదు.

టెక్నీషియన్ సంతకం పెట్టాలి, సలహా రాయకూడదు.
సంతకం కింద పెన్నుతో రాశాను:
"పరీక్షలో లేదు. చేతుల్లో ఉంది.
దయచేసి వేళ్లు పట్టుకుని చూడండి."

మూడొందల యాభై.
ఆమె కొంగు ముడి విప్పబోయింది.
గోరు జారింది, మళ్లీ జారింది.
"నువ్వే ఇప్పు బాబూ" అంది, నవ్వుతూనే.
విప్పాను. నోట్లు లెక్కపెట్టి
మిగిలిన చిల్లర లోపలే ఉంచి
మళ్లీ ముడివేశాను,
ఈసారి వదులుగా.