తదితరులు

కాజీపేట లోకోషెడ్డుల బొగ్గు ఎగదోసే ఫైర్‌మన్ బిడ్డ.
ఇంట్ల ఆండాలు.
మద్రాసుల ఏం పేరు పెట్టిండ్రో తెల్వదు,
తెర మీద ఎన్నడు పడలే.
పేర్లన్ని అయినంక 'తదితరులు' అని ఒక్క మాట వస్తది సూడు,
అండ్ల ఉండేది.

నేను మట్టెవాడ టాకీసుల ఆపరేటర్ను.
ఇరవై ఆరేండ్లు కార్బన్ కడ్డీల మంటకు కండ్లు ఇచ్చినోణ్ణి.
మీరు హీరోను సూసిండ్రు.
నేను గోడ సందుల నుంచి ఆమెను సూస్తుంటి,
మందు గిలాస పట్టుకొని వచ్చి
కొంగు నోట్ల కుక్కుకొని పోయే మనిషిని.

ఇరవై ఎనిమిదేండ్లకే తలకు తెల్ల రంగు పూసిండ్రు.
తనకన్న తొమ్మిదేండ్లు పెద్దోనికి తల్లి.
రెండేండ్లకు వానికే నాయనమ్మ.
ఆ తర్వాత గోడకు దండేసిన పటం.
దానికి సగం కూలి ఇచ్చిండ్రట.

ఆమె మాట అక్కడ చెల్లలే.
ఆ యాస పనిమనుషులకు, నవ్వించేటోళ్లకు అన్నరట.
కృష్ణ ఒడ్డు తెలుగు నేర్చుకొని ఏడ్చింది.
ఒక్కసారి మర్చిపోయింది.
కొడుకు నెత్తురుతోని ఒరిగిన సీను,
తలుపు తోసుకొని ఉరికొచ్చి
"ఏమైంది నాయనా" అనాలె,
"ఏమైంది బిడ్డా" అన్నది.
డబ్బింగుల ఎవ్వరు పట్టలే.

ఆజంజాహి మిల్లు షిఫ్టు దిగి
నెత్తిల నూలు పీచుతోనే రెండో ఆటకు వచ్చిన జనం
ఒక్క ఊపిరి ఆగిండ్రు.
నేల టికెట్ల నుంచి ఎవడో "అవ్వా" అని పలికిండు.
మళ్ల తిప్పుమన్నరు. తిప్పిన.
దినాము తిప్పిన.

తిప్పంగ తిప్పంగ అక్కడనే తెగింది రీలు.
తెగినప్పుడల్ల బ్లేడుతోని నాలుగు గడులు కోసుడు,
జిగురు పెట్టుడు, నడిపించుడు.
కోసినయి బీడీల డబ్బల ఏసిన.

వంద రోజుల పండుగకు వచ్చింది,
హీరో కారు ఎనుక టాక్సీల.
నల్లటి జుట్టు. ఎవ్వరు గుర్తుపట్టలే.
ఇనుప మెట్లెక్కి నా గదికి వచ్చి
సందుల నుంచి తన సీను తనే సూసుకున్నది.
తలుపు తీసుకున్నది. నోరు తెరిచింది.
హీరో "ఏం లేదమ్మా" అన్నడు.
"ఎంతసేపున్న, అన్నా?"
"రెండు నిమిషాల నలబై."
వేళ్ల మీద లెక్కబెట్టింది.
"తీసినప్పుడు రెండు యాభై."
నేను మసిగుడ్డతోని చేతులు తుడుసుకున్న,
చానాసేపు.
మెట్లు దిగుతుంటే సెప్పుల చప్పుడు కూడ రాలే.

ఇప్పుడు టాకీసు లేదు, డబ్బ ఉన్నది.
ముక్కను కిటికికి పట్టి సూస్త.
ఆమె నోరు తెరిచే ఉన్నది.
పక్కన సన్నగ వంకరలు పోయే గీత, అది మాట.
కని అది ఆమె మాట గాదు.
రీలుల మాట బొమ్మకన్న ఇరవై గడులు ముందు పోతది.
ఆమె మొఖం పక్కన ఉన్నది హీరో జవాబు.
ఆమె "బిడ్డా" ఆమెకన్న ముందే పోయి
మూసిన తలుపు పక్కన పడ్డది.

నూట పన్నెండు ముక్కలు.
తలుపు ఒక్కటే ఉన్న ముక్క
ఇంక దొరకలే.